అబ్బాయి గ్రాండ్‌మాస్టర్ కావాలంటే నేను ఉద్యోగం మానేయాలా?

ప్రశ్న: అమ్మా, మాది నరసరావుపేట దగ్గర ఒక ఊరు. ప్రభుత్వ పాఠశాలలో టీచరుగా పనిచేస్తున్నాను. మా అబ్బాయికి పదమూడేళ్లు, ఎనిమిదో తరగతి. ఏడేళ్ల వయసులో చదరంగం పట్టాడు. జిల్లా పోటీల్లో రెండుసార్లు కప్పు తెచ్చాడు, రాష్ట్ర పోటీల్లో తొలి పదిమందిలో నిలిచాడు. 2024 మొదట్లో వాడి ఫిడే రేటింగ్ (అంతర్జాతీయ చదరంగ సమాఖ్య ఆట బలానికి ఇచ్చే అంకె) 1100, ఇప్పుడు 1640. ఇంత వేగంగా ఎదుగుతున్న పిల్లవాణ్ని బడికి పంపడం వృథా అనీ, బడి మాన్పించి రోజుకు పది గంటలు బోర్డు ముందు కూర్చోబెడితే పద్దెనిమిదేళ్లకల్లా ఈ ఆటలో పెద్ద హోదా అయిన గ్రాండ్‌మాస్టర్ అవుతాడనీ కోచ్ అంటున్నారు. కోనేరు హంపి నాన్నగారు ఉద్యోగం వదులుకున్నారు, ప్రపంచ ఛాంపియన్ అయిన గుకేశ్ నాన్నగారు డాక్టరు ప్రాక్టీసు మానుకున్నారు. నేను మాత్రం ఎందుకు వెనకాడాలి అనిపిస్తోంది. నాకింకా పదిహేనేళ్ల సర్వీసు ఉంది. మా ఆవిడ ఒప్పుకోవడం లేదు. పెద్దమ్మాయి ఇంటర్ రెండో సంవత్సరం. దాని చదువు కోసం దాచిన డబ్బులోంచి కొంత ఇప్పటికే టోర్నీలకు తీశాను. అబ్బాయి బాగా ఆడగలిగి కూడా నిర్లక్ష్యంతో ఓడిపోతుంటాడు. అలా ఓడి వస్తే రెండు రోజులపాటు వాడితో మాట్లాడబుద్ధి కాదు. గ్రాండ్‌మాస్టర్ అయితే జీవితం స్థిరపడినట్టేనా? పదమూడేళ్లంటే ఆలస్యమైపోయిందా? నేను ఉద్యోగం మానేయాలా? పేరు రాయవద్దు.

జవాబు: ఉద్యోగం మానవద్దు. బడి మాన్పించవద్దు. అమ్మాయి డబ్బు అమ్మాయికి తిరిగి పెట్టేయండి. మిగిలినదంతా తర్వాత చదువుకున్నా ఫరవాలేదు కానీ, ఈ మూడు మాటలు చదవకుండా మీరు రాజీనామా కాగితం రాసేస్తారేమోనని నాకు నిజంగా భయం వేసింది. అందుకే ముందు చెప్పేస్తున్నాను.

నేను పిల్లలకు చదరంగం నేర్పుతూ, టోర్నీల్లో ఆర్బిటర్‌గా (ఆట న్యాయనిర్ణేతగా) నిలబడుతూ పాతికేళ్లు గడిపాను. మీలాంటి తండ్రులను చాలామందిని చూశాను. మీ ఆశను తక్కువ చేసి మాట్లాడను. గుంటూరు, కృష్ణా జిల్లాల మనుషులకు ఈ ఆశ ఊరికే పుట్టలేదు. హంపి పుట్టింది గుడివాడలో. పెంటేల హరికృష్ణ, ద్రోణవల్లి హారిక ఇద్దరిదీ గుంటూరే. కొద్ది గంటల బస్సు ప్రయాణం దూరంలో ప్రపంచస్థాయి ఆటగాళ్లు పుట్టిన చోట, పిల్లవాడు జిల్లా కప్పు తెస్తే తండ్రికి నిద్ర పట్టదు. అది సహజం.

అయితే మీరు చెప్పిన ఇద్దరు తండ్రుల కథలూ సగమే మీకు చేరాయి. ముందు గుడివాడ కథ చూద్దాం. కోనేరు అశోక్ గారు కెమిస్ట్రీ అధ్యాపకులు. ఉద్యోగం వదిలేశారన్నది నిజమే. కానీ ఆయన స్వయంగా టోర్నీలు ఆడిన చదరంగం ఆటగాడు. హంపికి పావులు కదపడం నేర్పిందీ, ఓపెనింగులు (ఆట మొదట్లో వేసే ఎత్తులు) తయారు చేయించిందీ, ఆటలు విప్పి చూపించిందీ ఆయనే. ఆ పనికే తర్వాత ద్రోణాచార్య పురస్కారం అందుకున్నారు. అంటే ఆయన బోధన మానలేదు. వందమందికి కెమిస్ట్రీ చెప్పడం ఆపి ఒక్క పిల్లకు చదరంగం చెప్పడం మొదలుపెట్టారు. ఆ ఒక్క శిష్యురాలు 1997లో పదేళ్లలోపు బాలికల్లో ప్రపంచ ఛాంపియన్. మరుసటి ఏడాది పన్నెండేళ్లలోపు, 2000లో పద్నాలుగేళ్లలోపు, 2001లో ప్రపంచ జూనియర్ బాలికల టైటిల్. 2002లో 15 ఏళ్ల నెలా 27 రోజుల వయసులో గ్రాండ్‌మాస్టర్. అప్పటికి ఆ హోదా అందుకున్న మహిళల్లో అందరికంటే చిన్నది. హంగరీకి చెందిన జూడిత్ పోల్గార్ రికార్డును మూడు నెలల తేడాతో దాటింది.

మీరు రాజీనామా చేస్తే ఏం జరుగుతుందో ఒక్కసారి ఊహించండి. మీకు చదరంగం బోధించడం రాదు. కోచ్‌కు ఫీజు కడుతూనే ఉండాలి. మారేదల్లా ఒకటే: ఆ ఫీజు కట్టే జీతం ఉండదు. మీరు టోర్నీ హాలు బయట ప్లాస్టిక్ కుర్చీలో, టిఫిన్ క్యారియర్ పక్కన, మరికాస్త ఎక్కువసేపు కూర్చుంటారు. అశోక్ గారి రాజీనామా హంపికి ఒక గురువును ఇచ్చింది. మీ రాజీనామా మీ అబ్బాయికి ఏమిస్తుందో నాకు కనిపించడం లేదు.

ఇక గుకేశ్ ఇల్లు. చెన్నైలో స్థిరపడిన తెలుగు కుటుంబం. నాన్న రజినీకాంత్ గారు చెవి, ముక్కు, గొంతు వైద్యులు. అమ్మ పద్మ గారు మైక్రోబయాలజిస్ట్. 2017-18 ప్రాంతంలో నాన్న ప్రాక్టీసు ఆపి కొడుకుతో దేశాలు తిరిగారు. ఇల్లు అమ్మ జీతంతో నడిచింది, స్నేహితులు కూడా ఆదుకున్నారు. అప్పుడు కూడా వాళ్లకు చాలా కష్టమైందని గుకేశే చెప్పాడు. ఇక్కడ ఇంకో సంగతి గమనించండి. సర్జన్ రెండేళ్లు ప్రాక్టీసు ఆపితే మూడో ఏడు మళ్లీ బోర్డు పెట్టుకుని కూర్చోవచ్చు. ప్రభుత్వ టీచరు రాజీనామా చేస్తే ఆ కుర్చీ మళ్లీ రాదు. ఆయన తెరిచి పెట్టుకున్న తలుపును మీరు మూసేసుకుంటున్నారు. పైగా మీ ఇంట్లో రెండో జీతం ఉన్నట్టు మీ ఉత్తరంలో లేదు. గుకేశ్ 2019 జనవరిలో, 12 ఏళ్ల 7 నెలల 17 రోజులకు గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. అంటే తండ్రి ప్రాక్టీసు ఆపేనాటికే గుకేశ్ ఆ మెట్ల మీద ఉన్నాడు. ఆట ముందు నడిచింది, త్యాగం దాని వెనక వచ్చింది.

మీరు చెప్పని మూడో ఇల్లు ఒకటుంది. ప్రజ్ఞానంద, వైశాలి. అన్నాచెల్లెళ్లు కాదు, అక్కాతమ్ముళ్లు. ఇద్దరూ గ్రాండ్‌మాస్టర్లే. ప్రపంచంలో తోబుట్టువులైన ఆడపిల్లా మగపిల్లవాడూ ఇద్దరూ ఆ హోదా అందుకోవడం అదే మొదటిసారి. వాళ్ల నాన్న సహకార బ్యాంకు ఉద్యోగి. ఆయన ఉద్యోగం చేసుకుంటూనే ఉన్నారు. అమ్మ నాగలక్ష్మి గారు వంట సామాను సర్దుకుని, విదేశాల్లో కూడా అన్నం రసం వండిపెడుతూ, పిల్లల వెంట తిరిగారు. ఈ ఇంటి కథ మీ ఇంటికి దగ్గరగా ఉంది. దీన్ని వదిలి, ఉద్యోగం మానేసిన ఇళ్ల కథలే మనసులో ఎందుకు నిలిచాయో కాస్త ఆలోచించుకోండి.

ఇప్పుడు మీ అబ్బాయి రేటింగ్. ఇది చెబితే మీకు బాధ కలుగుతుంది, అయినా చెప్పాలి. 1100 నుంచి 1640 అంటే 540 పాయింట్లు. అందులో 360 పాయింట్లు వాడు గెలిచినవి కావు. 2024 మార్చిలో ఫిడే 2000 లోపు రేటింగులన్నింటినీ ఒక్కసారి సరిచేసింది. 2000కు ఎంత తక్కువ ఉంటే దానిలో పది వంతులకు నాలుగు వంతులు కలిపింది. 1100 ఉన్న పిల్లవాడికి 900 తక్కువ, దానిలో పదింట నాలుగు వంతులంటే 360. ఆ నెల ఏ పావూ కదపకుండానే వాడు 1460 అయ్యాడు. దేశమంతా ఉన్న పిల్లలందరికీ ఇలాగే జరిగింది. మీ అబ్బాయి స్వయంగా సంపాదించుకున్నది మిగిలిన 180. అది తక్కువేమీ కాదు, శ్రద్ధగా ఆడే పిల్లవాడి లెక్క అది. కానీ బడి మాన్పించమని చెప్పే లెక్క కాదు. ఈ సవరణ సంగతి కోచ్‌కు తెలియకుండా ఉండదు. తెలిసీ మీకు చెప్పకపోతే ఆయన్ను అడగండి. పోట్లాట వద్దు, ఊరికే అడిగి ఆయన ఏమంటారో వినండి.

గ్రాండ్‌మాస్టర్ హోదాకు కావలసింది 2500 రేటింగ్, మూడు నార్మ్‌లు. ఒక్కో నార్మ్ అంటే కనీసం తొమ్మిది రౌండ్ల టోర్నీలో 2600 స్థాయి ఆట. ప్రత్యర్థుల సగటు 2380కి తగ్గకూడదు, వాళ్లలో ముగ్గురైనా గ్రాండ్‌మాస్టర్లు ఉండాలి, వేరే దేశాల ఆటగాళ్లూ ఉండాలి. అలాంటి వారం మూడుసార్లు రావాలి. 400 పాయింట్లు ఎక్కువ ఉన్న ఆటగాడితో ఆడితే నూరు ఆటల్లో మనకు వచ్చేది ఎనిమిదో తొమ్మిదో పాయింట్లు. మీ అబ్బాయికీ 2500కూ మధ్య అలాంటి నాలుగు వందలు రెండున్నాయి, ఇంకా అరవై మిగులుతుంది. ఇది భయపెట్టడానికి చెప్పడం లేదు. బొమ్మను అసలు కొలతల్లో చూస్తే దారి ఖర్చు ఎంతో తెలుస్తుందని చెబుతున్నాను.

మరి పదమూడేళ్లంటే ఆలస్యమా? గుకేశ్‌తో, ప్రజ్ఞానందతో పోల్చితే అవును. హరికృష్ణ పదిహేనో ఏట గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. వరంగల్ అబ్బాయి అర్జున్ ఎరిగైసి పదిహేను నిండకముందే అయ్యాడు. ఆ పరుగులో మీ అబ్బాయి లేడు. అంతమాత్రాన దారి మూసుకుపోయిందని కాదు. మన దేశంలో మూడో గ్రాండ్‌మాస్టర్ ప్రవీణ్ ఠిప్సే 1959లో పుట్టారు, 1997లో హోదా అందుకున్నారు. లెక్క మీరే చూసుకోండి. చైనాకు చెందిన యె జియాంగ్‌చువాన్ ఈ ఆట నేర్చుకున్నదే పదిహేడో ఏట, తర్వాత గ్రాండ్‌మాస్టర్ అయ్యారు. ఇవి అరుదైన ఉదాహరణలే, దాచను. కానీ పద్దెనిమిదేళ్లకల్లా అని గడువు పెట్టిన కోచ్ మాటకంటే ఇవి నిజం.

పిల్లల రేటింగ్‌కు ఒక మంచి గుణం ఉంది. పద్దెనిమిదేళ్లలోపు, 2300 చేరేదాకా, గెలుపోటములకు పాయింట్లు ఎక్కువగా కదులుతాయి. సమాన రేటింగ్ ఉన్నవాణ్ని ఓడిస్తే ఒక్క ఆటకే ఇరవై పాయింట్లు. అందువల్ల పిల్లవాడి ఆట నిజంగా ఎదిగితే ఏడాదిలోపే అంకెల్లో కనబడిపోతుంది. అరవై డెబ్బై క్లాసికల్ (గంటల తరబడి ఆడే) ఆటలు, అదీ వాడికంటే బలమైనవాళ్లున్న టోర్నీల్లో, ఈ ఏడాది ఆడనివ్వండి. వాడు 1900 దాటి, ఇంకా పైకి కదులుతూ ఉంటే మళ్లీ నాకు రాయండి, అప్పుడు మాట్లాడుకోవడానికి వేరే విషయాలుంటాయి. 1700 దగ్గర ఆగితే కూడా రాయండి. అది ఓటమి కాదు, ఒక కబురు.

దీనికి మీరు టీచరుగా ఉండటమే గొప్ప సౌకర్యం. పిల్లల టోర్నీలు ఎక్కువగా ఆదివారాల్లోనూ, దసరా, సంక్రాంతి, వేసవి సెలవుల్లోనూ పెడతారు. ఆ సెలవులు మీకూ ఉంటాయి. ఇలాంటి ఉద్యోగం దొరికిన చదరంగం తండ్రి అదృష్టవంతుడు. ఎప్పుడో ఒకసారి పెద్ద టోర్నీకి పది రోజులు వెళ్లాల్సి వస్తే సెలవు పెట్టండి. అవసరమైతే జీతం లేని సెలవు. కుర్చీ మాత్రం ఉంచుకోండి.

ఇక మీ అసలు ప్రశ్న: గ్రాండ్‌మాస్టర్ అయితే జీవితం స్థిరపడుతుందా? ఇక్కడ కాస్త ఎక్కువసేపు ఆగుతాను. ఈ ఒక్క విషయంలో పాత్రికేయులూ, కోచ్‌లూ, నాలాంటివాళ్లమూ తల్లిదండ్రులకు నిజం సరిగా చెప్పలేదు.

1988లో విశ్వనాథన్ ఆనంద్ మన దేశానికి తొలి గ్రాండ్‌మాస్టర్ అయినప్పుడు ఆ పదం వింటేనే ఒళ్లు పులకరించేది. రెండో వ్యక్తి దిబ్యేందు బారువా 1991లో, మూడో వ్యక్తి ఠిప్సే ఇంకో ఆరేళ్లకు. మొదటి పదేళ్లలో ముగ్గురంటే ముగ్గురు. 2025 జూలైలో దివ్య దేశ్‌ముఖ్ ఆ హోదా అందుకున్నప్పుడు ఆమె సంఖ్య 88. ఇది మన దేశపు గొప్పతనం, నాకు గర్వంగానే ఉంటుంది. కానీ ముగ్గురున్నప్పుడు ఆ పదం పెట్టిన అన్నం, ఎనభై ఎనిమిది మందికి అదే కొలతలో పెట్టదు.

డబ్బు శిఖరం మీద కుప్పగా ఉంటుంది, కిందికి వచ్చేసరికి పలచబడిపోతుంది. 2024లో సింగపూర్‌లో ప్రపంచ ఛాంపియన్‌షిప్ మ్యాచ్ మొత్తం బహుమతి 25 లక్షల డాలర్లు. గుకేశ్ వాటా మన రూపాయల్లో పదకొండు కోట్ల పైమాట. ఆ తర్వాత ఏడాది మహిళల ప్రపంచ కప్ విజేతకు 50 వేల డాలర్లు, అంటే నలభై లక్షల రూపాయలకు కాస్త పైన. అది ప్రపంచ కప్! ఇక ఊరూరా జరిగే ఓపెన్ టోర్నీల్లో మొదటి నాలుగైదు స్థానాలు దాటాక, బహుమతి సొమ్ము రైలు టికెట్లకూ హోటల్ గదికీ సరిపోతే గొప్ప. హోదా వచ్చాక ఒక ఊరట మాత్రం నిజం. చాలా టోర్నీల్లో గ్రాండ్‌మాస్టర్ల దగ్గర ప్రవేశ రుసుము తీసుకోరు, పెద్ద రేటింగ్ ఉన్నవాళ్లకు బస కూడా ఇస్తారు. అంతవరకూ ఖర్చంతా మీదే.

మరి వాళ్లెలా బతుకుతున్నారు? హంపి ఓఎన్‌జీసీ ఉద్యోగి. మన దేశంలో చాలామంది పెద్ద ఆటగాళ్ల వెనక ఇలాంటి ప్రభుత్వ రంగ సంస్థ జీతం ఉంది. బోర్డు మీద ధైర్యంగా పావు బలివ్వగలగడానికి నెలాఖరు జీతం కూడా ఒక కారణం. చెన్నైలో ఆర్.బి.రమేశ్ ఉన్నారు. 2002లో బ్రిటిష్ ఛాంపియన్, 2007లో కామన్వెల్త్ ఛాంపియన్ అయిన గ్రాండ్‌మాస్టర్. తన ఆట పక్కన పెట్టి అకాడమీ నడిపారు. ప్రజ్ఞానంద, వైశాలి ఆయన చేతిలో తయారైనవాళ్లే. మన హరికృష్ణ 2004లో ప్రపంచ జూనియర్ ఛాంపియన్, 2016లో ప్రపంచ తొలి పదిమందిలో ఒకడు. 2024లో బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో (దేశాల జట్ల పోటీలో) స్వర్ణం గెలిచిన జట్టులో ఉన్నాడు. అదే ఏడాది గుకేశ్ ప్రపంచ టైటిల్ మ్యాచ్‌కు తెర వెనక ఓపెనింగులు సిద్ధం చేసిన బృందంలోనూ ఉన్నాడు. పెద్ద మ్యాచ్ ఆడేవాడికి ఇలా తోడు నిలిచేవాళ్లను సెకండ్లు అంటారు. గుంటూరు కుర్రవాడు ఇరవై ఏళ్లకు పైగా దాచుకున్న జ్ఞానం అక్కడ ఉపయోగపడింది. ఇది కూడా గ్రాండ్‌మాస్టర్ జీవితమే. దీనికి ఊరేగింపులు జరగవు. నా మటుకు నాకు హరికృష్ణ జీవితమంతటిలో బాగా నచ్చిన ఘట్టం ఇదే.

హోదా వచ్చాక ఎంత దూరం ఉంటుందో అర్జున్‌ను చూస్తే తెలుస్తుంది. 2018లో గ్రాండ్‌మాస్టర్. తర్వాత మూడేళ్లు బయటి ప్రపంచానికి ఆ పేరు పెద్దగా తెలియదు. కరోనా కాలంలో టోర్నీలే లేవు. 2022లో జాతీయ ఛాంపియన్ అయ్యాడు, 2700 దాటాడు. 2024 డిసెంబర్ జాబితాలో 2801. ఆనంద్ తర్వాత 2800 దాటిన రెండో భారతీయుడు. పత్రికల్లో ఫోటో వచ్చిన రోజు నుంచి అక్కడిదాకా ఆరేళ్లు. ఆ మధ్య కాలాన్ని తట్టుకోవడానికి తల్లిదండ్రుల త్యాగం ఒక్కటే చాలదు. ఆట మీద సొంత ఇష్టం ఉండాలి.

హంపి సంగతి మళ్లీ ఎత్తుతున్నాను, ఎందుకంటే మీరు ఆమె కథను పదిహేనో ఏట ఆపేశారు. 2011లో ప్రపంచ టైటిల్ మ్యాచ్ చైనా క్రీడాకారిణి హౌ యిఫాన్ చేతిలో ఓడిపోయింది. 2016 నుంచి రెండేళ్లు ఆటకు దూరంగా ఉంది. 2017లో తల్లి అయింది. చాలామంది ఇక అయిపోయిందనుకున్నారు. 2019 చివర్లో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ (తక్కువ సమయంలో ముగించే ఆట) ఛాంపియన్ అయింది. అయిదేళ్లకు న్యూయార్క్‌లో, 37 ఏళ్ల వయసులో, మొదటి రౌండే ఓడిపోయి, చివరికి 11 రౌండ్లలో 8.5 పాయింట్లతో మళ్లీ అదే టైటిల్ గెలిచింది. 2025లో జార్జియాలోని బటూమిలో ప్రపంచ కప్ ఫైనల్ దాకా వెళ్లి, తనకంటే దాదాపు పందొమ్మిదేళ్లు చిన్నదైన దివ్య చేతిలో టై బ్రేక్‌లో ఓడింది. హారిక 2022 చెన్నై ఒలింపియాడ్‌లో నిండు గర్భిణిగా కూర్చుని ఆడింది, జట్టు కాంస్యం తెచ్చింది. ఈ ఆడపిల్లలు ఇన్నేళ్లు ఆడుతున్నది నాన్న ఉద్యోగం మానేశాడన్న రుణం తీర్చడానికి కాదు. రుణం తీర్చే ఆట ఇరవై ఏళ్లు నడవదు.

బడి గురించి. గుకేశ్ నాలుగో తరగతి తర్వాత రోజూ బడికి వెళ్లలేదు, అది మీ కోచ్ చెప్పే ఉంటారు. ఆనంద్ చెన్నై లయోలా కళాశాలలో బీకాం చదివారన్నది చెప్పారా? 1935లో ప్రపంచ ఛాంపియన్ అయిన మాక్స్ యూవే లెక్కల మాస్టారు. మీ వృత్తివాడే. సోవియట్ ఆటగాడు బోత్వినిక్ ప్రపంచ ఛాంపియన్‌గా ఉంటూనే ఎలక్ట్రికల్ ఇంజనీరుగా పనిచేశాడు. అవి పాత రోజులు, ఇప్పుడు పోటీ వేరు, ఒప్పుకుంటాను. కానీ 1640 రేటింగ్ ఉన్న పిల్లవాడికి కావలసింది రోజుకు రెండు మూడు గంటల నిజమైన శ్రద్ధ. పది గంటలు కూర్చోబెడితే అందులో ఏడు గంటలు వాడు గోడ చూస్తాడు. నిజంగా ప్రయాణాలు ఎక్కువై హాజరు కుదరని రోజు వస్తే ఓపెన్ స్కూల్ పద్ధతి ఉంది, పదో తరగతి, ఇంటర్ అలా రాయవచ్చు. అమెరికాలో టెక్సస్, మిస్సోరి రాష్ట్రాల్లోని కొన్ని విశ్వవిద్యాలయాలు చదరంగం జట్ల కోసం బలమైన ఆటగాళ్లకు స్కాలర్‌షిప్పులు ఇస్తాయి. వాటికీ ఇంటర్ పాసవాలి. చదువు ఆపితే చదరంగం తెరిచే తలుపుల్లోనే ఒకటి మూతపడుతుంది.

అన్నిటికంటే నన్ను బాధపెట్టిన వాక్యం మీరు దారిన పోతూ రాసినట్టు రాశారు. ఓడి వస్తే రెండు రోజులు మాట్లాడబుద్ధి కాదని. హాలు తలుపు దగ్గర నిలబడి నేను కొన్ని వేలమంది పిల్లలు బయటికి రావడం చూశాను. గెలిచినవాడు పరిగెత్తుకుంటూ వస్తాడు. ఓడినవాడు ముందు తలుపు పక్కన ఆగుతాడు. అక్కడి నుంచి అమ్మా నాన్నల ముఖం వెతుకుతాడు. ఆ ముఖంలో ఏముందో చూసుకుని, అప్పుడు అడుగు బయట పెడతాడు. కొందరు పిల్లలు మంచినీళ్ల నెపంతో మళ్లీ లోపలికి వెళ్లిపోతారు. నాలుగు గంటలు ఒంటరిగా ఆలోచించి, తప్పు చేసి, చేయి కలిపి, స్కోరుషీటు మీద సంతకం పెట్టి వచ్చిన పిల్లవాడికి ఆ తప్పు ఏమిటో మీకంటే బాగా తెలుసు. మీ మౌనం వాడికి కొత్తగా నేర్పేది ఒక్కటే, నష్టపోకుండా ఆడాలని. అలా ఆడేవాడు పావు బలివ్వడు, బలమైనవాడు డ్రా అడిగితే వెంటనే ఒప్పుకుంటాడు, ఎదగడు.

నిర్లక్ష్యం అన్నారు. 2024 డిసెంబర్ 12న సింగపూర్‌లో మ్యాచ్ చెరి 6.5తో సమంగా ఉంది. చివరి ఆట, 55వ ఎత్తు. డ్రా వైపు సాగుతున్న స్థితిలో ప్రపంచ ఛాంపియన్ డింగ్ లిరెన్ ఏనుగును ఎఫ్2 గడిలో పెట్టాడు. ఏనుగులు మారాయి, శకటులు మారాయి, మిగిలిన బంట్ల ఆటలో గుకేశ్ గెలిచాడు. కిరీటం ఆ ఒక్క ఎత్తులో చేతులు మారింది. డింగ్ నిర్లక్ష్యంగా ఆడాడని ఎవరైనా అనగలరా? గంటల తరబడి ఆడాక మెదడు ఒక్క క్షణం చూడటం మానేస్తుంది. ప్రపంచ ఛాంపియన్‌కే జరిగింది, పదమూడేళ్ల పిల్లవాడికి జరగదా? వాడికి ఆ స్థాయిలో ఇంకా కంటి అలవాటు రాలేదు, అంతే. దానికి అభ్యాసం ఉంది, శిక్ష లేదు.

అమ్మాయి విషయం ఒక్క మాట. తమ్ముడి ఆటకు తన చదువు డబ్బు వెళ్లిందని ఆమెకు తెలిసే ఉంటుంది. ఆడపిల్లలకు ఇలాంటివి ఎవరూ చెప్పకుండానే తెలుస్తాయి. ఈ నెల నుంచే తిరిగి వేయడం మొదలుపెట్టండి, వేస్తున్నానని ఆమెతో చెప్పండి. మీ ఆవిడ ఒప్పుకోకపోవడాన్ని మీరు అడ్డంకిగా రాశారు. నాకైతే మీ ఇంట్లో ముందుచూపు ఉన్న మనిషి ఆమేననిపించింది.

మీ ఉత్తరం మూడుసార్లు చదివాను. కోచ్ ఏమన్నారో ఉంది, మీకేమనిపిస్తోందో ఉంది, మీ ఆవిడ అభ్యంతరం ఉంది. మీ అబ్బాయి ఏమన్నాడో ఎక్కడా లేదు. వాణ్ని అడగండి. "గ్రాండ్‌మాస్టర్ అవుతావా?" అని అడగవద్దు, ఆ ప్రశ్నకు పిల్లలందరూ అవునంటారు. ఈ మధ్య ఆడిన ఆటల్లో నీకు బాగా నచ్చినది ఏదో చూపించమనండి, బోర్డు తెచ్చి ఎదురుగా కూర్చోండి. మీకు ఆట రాకపోయినా ఫరవాలేదు, ఏ పావు ఎందుకు కదిపాడో వాడే చెబుతాడు. చెప్పేటప్పుడు వాడి గొంతు వినండి.

నాకోసం ఒక పని చేయించండి. వాడు ఓడిపోయిన మూడు ఆటల స్కోరుషీట్లు తీసి, ఎక్కడ ఏమనుకుని ఆ ఎత్తు వేశాడో పక్కన తన చేతిరాతతో రాసి పంపమనండి. కంప్యూటర్‌కు చూపించకూడదు. గుకేశ్‌కు కూడా కోచ్ విష్ణు ప్రసన్న చాలాకాలం ఇంజిన్ (ఎత్తులు లెక్కగట్టే కంప్యూటర్ ప్రోగ్రాం) ముట్టుకోనివ్వలేదు. అక్షరం బాగా లేకపోయినా, కొట్టివేతలున్నా అలాగే పంపించండి. వాటిని చదివి, నేను వాడికి విడిగా ఉత్తరం రాస్తాను.